అంచు

పడవ దిగేసరికే వరుసలో ముప్పైమంది.
అబైయాంగ్ దీవిలో, ఊరి చావడి మూలన
నల్లగుడ్డలు కట్టి ఒక గదిని చీకటి చేశాం.
ఇక్కడ చీకటి చేయడమే కష్టం.
నీటి మీది వెలుగు ఏ సందులోంచైనా దూరుతుంది.

నేను చుక్కలు వేసే మనిషిని.
ఒక్కో కంటికి రెండు, ఆగి మళ్ళీ రెండు.
"మండుతుంది, కాసేపే" అంటాను పొద్దంతా.

పదిహేడో నంబరు కావోటిరా.
యాభై ఎనిమిదేళ్ళు. కొబ్బరి కల్లు గీస్తాడు.
అరికాళ్ళు చెట్టు బెరడులా ఉన్నాయి.
తెల్లారి ఒకసారి, పొద్దువాలాక ఒకసారి
చెట్టెక్కి గొంతెత్తి పాడతాడు.
పైన మనిషున్నాడని కిందివాళ్ళకి తెలియాలి కదా.

"నొప్పేమైనా?"
"లేదు."
"మరి?"
"పిట్టలు," అన్నాడు.
"ఎడమ కంట్లో. నల్లవి, రెండు. నెల నుంచి తిరుగుతున్నాయి.
చూపు తిప్పితే పారిపోతాయి, ఆపితే వచ్చి వాలతాయి.
తుఫానేమో అనుకున్నా.
కడలిపిట్ట ఒడ్డుకొస్తే గాలి మారుతుందనేవాడు మా నాన్న.
గాలి మారలేదు."

వేలు గుచ్చాను. మిషను మీద అంకె చూసి
ఇంకోసారి గుచ్చాను.
అదే అంకె.
తొమ్మిదేళ్ళుగా షుగరట. మాత్రలు
ఓడ తెచ్చిన నెల ఉంటాయి, తేని నెల ఉండవు.
బియ్యం, పంచదార తేవడం మాత్రం
ఏ ఓడా మర్చిపోలేదు.

దీపం వేసి చూసిన డాక్టరు
పక్కకు జరిగి నన్నూ చూడమంది.
కంటి వెనక నారింజరంగు నేల.
దాని మీద నెత్తుటి దారులు, వెంట్రుకంత సన్నం,
ఎక్కడికక్కడ చిట్లి మరకలైనవి.
అక్కడక్కడ పసుపు బొట్లు,
లొట్టి మూతికి ఎండిన పాకంలా.
పాత దారులు పూడుకుపోతే కన్ను కంగారుపడి
కొత్తవి మొలిపించుకుంటుంది.
లేతవి. నిలవవు. కారతాయి.
ఆ కారిన నెత్తురే అతని పిట్టలు.

ఇంత జరుగుతున్నా నొప్పి లేదు.
ఉంటే ఏడేళ్ళ కిందటే వచ్చేవాడు,
కాల్లో ముల్లు విరిగితే పడవెక్కి వచ్చిన మనిషే.

డాక్టరుకి మా భాష రాదు. చెప్పడం నా పని.
చెప్పాను.
పోయిన చూపు తెస్తామని మాట ఇవ్వలేం. ఉన్నది నిలపడానికి చూస్తాం.
లేజరుతో కంటి అంచులు కాలుస్తాం, చుక్కలు చుక్కలుగా,
నడిమి చూపు దక్కించడానికి.
అంచు కొంత పోతుంది. రాత్రిళ్ళు మసకేస్తుంది.

చాలాసేపు పలకలేదు.
తర్వాత గుడ్డ తొలగించి బయటికి గడ్డం చూపించాడు.
ఒక పక్క సముద్రం, ఒక పక్క ఉప్పుమడుగు,
మధ్యలో మూడొందల అడుగుల నేల.
"నర్సమ్మా, మనకి నడుమెక్కడుంది?
నడుమంతా నీళ్ళే.
మనం పుట్టేదీ మనల్ని పాతేదీ అంచు మీదే.
అంచు కాల్చి ఏం దక్కిస్తారు?"

నా దగ్గర జవాబు లేదు.
మాకిచ్చిన కరపత్రంలోనూ లేదు.

అతనే అడిగాడు మళ్ళీ.
"మనవరాలి మొహం ఎక్కడ కనిపిస్తుంది, అంచులోనా నడుమనా?"
"నడుమ."
"కత్తి మొన?"
"అదీ నడుమే."
"అయితే కాల్చండి."

ఆకుపచ్చ మెరుపులు లెక్కపెట్టాడు, ఒక్కటీ వదలకుండా.
నాలుగొందల పన్నెండు.
"చెట్టుకి గంట్లు లెక్కపెడతాను, ఆ అలవాటు" అన్నాడు
నీళ్ళు కారుతున్న కన్ను తుడుచుకుంటూ.

కొన్నాళ్ళు చెట్టెక్కొద్దని చెప్పి పంపాం.
పొద్దువాలాక పాట వినిపించి, తిట్టడానికి పరుగెత్తాను.
పైన అతని కొడుకు, పాటలు రాని కుర్రాడు,
నోరు మూసుకుని మొవ్వ గీస్తున్నాడు.
మొదట్లో ముసలాయన, కళ్ళకు నల్లద్దాలు,
చెట్టుకి వీపు ఆనించి
కొడుకు పాట తను పాడుతున్నాడు.

వెళుతుంటే మనవరాలు సీసా ఇచ్చింది.
అప్పుడే దింపిన తీపికల్లు, ఇంకా వెచ్చగా.
నాకు నలభై నాలుగు. మా అమ్మకి చివర్లో
నా గొంతు తప్ప నేను తెలిసేదాన్ని కాదు.

సీసా మూత తియ్యకుండా పక్కన పెట్టి
ఎవరూ చూడని చోట కూచుని
నా వేలు నేనే గుచ్చుకున్నాను.
అంకె రావడానికి ఐదు సెకన్లు.
చెట్టు కింద పాట ఇంకా అయిపోలేదు.